కాలానికి కాపున్నవారు



కాలాన్ని అధ్యయనం చేసి, దానిని తమ చిత్తం వచ్చినట్లు మలచగల పండితుల శ్రేణి ఒకటి ఉన్నట్లు ఊహించి అల్లిన కథలు ఈ మధ్య పిల్లలు ఎక్కువగా చదువుతున్నారు. మా మనవడు అటువంటి కథ ఒకటి నాకు చదివి వినిపించి, "ఇట్లాంటి వాళ్లు నిజంగ ఉండెటోళ్లా తాతా?" అని అడిగాడు. "ఉండిరి బిడ్డా, ఇప్పటికీ ఉన్నరు. మన గోడకు మేకుకు వేలాడుతున్నది వాళ్లు చేసిందే" అని పంచాంగం చూపించాను. వాడు నవ్వాడు. నేను మాత్రం నవ్వులాటకు చెప్పలేదు.

కాలాన్ని ఆపడం, వెనక్కు తిప్పడం ఎవరి వల్లా కాదు. కాని ఈనాడు ఏ రోజు, ఇది ఏ నెల, ఇది ఎన్నో ఏడు అని నిర్ణయించే అధికారం మాత్రం ఎల్లకాలం ఎవరో కొందరి చేతిలోనే ఉంటూ వచ్చింది. వారు ఒక నెలను అదనంగా చేర్చగలరు. ఒక నెలను లేదనగలరు. ఒకే తిథిని రెండు రోజులు నిలపగలరు, మరొక తిథిని సూర్యోదయం చూడకుండానే దాటించగలరు. లోకం దానికి తలవంచి పెండ్లి చేస్తుంది, పంట వేస్తుంది, పన్ను కడుతుంది. దీనికన్న పెద్ద మంత్రశక్తి కథల్లో మాత్రం ఏముంటుంది? ఆ పండితుల చరిత్రను మన తెలుగుదేశానికీ, అందులోనూ మా ఇందూరు సీమకూ సంబంధించినంతవరకు ఈ టపాలో చెప్పుకుందాము.

పంచాంగమనే శాసనం

పంచాంగమంటే తిథి, వారం, నక్షత్రం, యోగం, కరణం అనే అయిదు అంగాలు కలది. వీటిలో కీలకం తిథి. సూర్యునికీ చంద్రునికీ మధ్య కోణం 12 డిగ్రీలు పెరగడానికి పట్టే కాలం ఒక తిథి. ఇటువంటివి ముప్పయి అయితే ఒక చాంద్రమాసం. చంద్రుడు సమవేగంతో నడవడు. భూమికి దగ్గరైనప్పుడు త్వరగానూ, దూరమైనప్పుడు మెల్లగానూ సాగుతాడు. అందుచేత తిథి నిడివి రోజుకొక తీరుగా ఉంటుంది. సూర్యోదయానికి ఏ తిథి ఉన్నదో ఆ రోజు ఆ తిథి అన్నది సాధారణ నియమం. ఆ నియమం వల్లనే ఒక తిథి రెండు సూర్యోదయాలకు నిలిస్తే వృద్ధి, ఏ సూర్యోదయానికీ తగలకపోతే క్షయం.

చాంద్రమాసాలు పన్నెండు కూడితే సుమారు 354 రోజులు. సూర్యుని సంవత్సరానికి ఇది 11 రోజులు తక్కువ. ఈ లోటు పూడ్చకపోతే కొన్నేళ్లకే ఉగాది నడిచలికాలంలోకి జారిపోతుంది. అందుకని సంక్రాంతి లేని చాంద్రమాసాన్ని అధికమాసంగా లెక్కించి, ఇంచుమించు ముప్పయిరెండు ముప్పయిమూడు నెలలకొకసారి అదనపు నెలను చేరుస్తారు. పందొమ్మిదేళ్లలో ఏడు అధికమాసాలు పడతాయి. దీనికి మారుగా ఒకే చాంద్రమాసంలో రెండు సంక్రాంతులు వస్తే అది క్షయమాసం. ఇది అరుదు. 1963–64 శోభకృత్తులోనూ, 1982–83 దుందుభిలోనూ వచ్చింది. దుందుభిలో పుష్య మాఘాలు ఒకదానిలో ఒకటి ఇమిడిపోయినప్పుడు నేను పండిత శిక్షణలో ఉన్న యువకుణ్ణి. మాఘంలో పెండ్లి అనుకున్న ఇండ్లవారు "మాఘమే లేకపోతే మా లగ్నమేమి కావాలె పంతులూ?" అని దిగులుపడడం నాకు బాగా గుర్తు. ఒక నెల నెలే మాయమైతే ఆ దిగులు వింత కాదు. ఇటువంటి క్షయమాసం మళ్లీ 2123–24 వరకు లేదని గణితజ్ఞుల లెక్క. ఈ అక్షరాలు చదువుతున్న మనలో ఎవరమూ దానిని చూడబోము.

ఈ లెక్కలన్నిటికీ పూర్వులు వాడిన సాధనం చాలా చిన్నది. అడుగున సన్నని రంధ్రమున్న రాగిగిన్నెను నీటి తొట్టిలో వదిలితే, అది నిండి మునగడానికి పట్టే కాలం ఒక ఘటిక, అంటే మన గడియ. రోజుకు 60 గడియలు. గడియకు 24 నిమిషాలు. ఈనాడు చేతికి కట్టుకొనే యంత్రాన్ని మనం గడియారమంటున్నామంటే అది ఆ రాగిగిన్నె పెట్టిన పేరే. గిన్నె పోయింది, మాట నిలిచింది.

తెలుగునాట ఈ శ్రేణి

ఈ పండితులకు సంఘమనీ, సభ్యత్వమనీ, ముద్ర అనీ ఏవీ లేవు. గురువు నుండి శిష్యునికి, తండ్రి నుండి కొడుకుకు అందిన లెక్కే వారి ముద్ర. శాసనాలు చూడండి. శకవర్షం, సంవత్సర నామం, మాసం, పక్షం, తిథి, వారం వరుసగా చెప్పి, గ్రహణమో సంక్రాంతియో అయితే దానిని కూడా పేర్కొని, ఆ మీదటనే దానం మాట ఎత్తుతారు. రాజు పేరు చెక్కించే ప్రతి చోటా, పేరు చెప్పని ఒక గణకుడు వెనుక నిలిచి ఉన్నాడన్నమాట. ఈనాడు చరిత్రకారులు ఆ తిథివారాలను మళ్లీ గణించి చూసే శాసనం అసలుదో కూటమో తేలుస్తున్నారు. ఆ లెక్క తప్పితే రాజుగారి మాటకూ విలువ లేదు.

పేర్లు మిగిలినవారు కొద్దిమందే. 12వ శతాబ్దిలో మల్లికార్జున సూరి సూర్యసిద్ధాంతానికి తెలుగులో ఒక వ్యాఖ్య, సంస్కృతంలో ఒక వ్యాఖ్య రచించాడు. ఆయన కాలం 1178 ప్రాంతం. ఖగోళశాస్త్రాన్ని తెలుగులో చెప్పవచ్చునని ఎనిమిది వందల ఏండ్లనాడే ఒకరు తలచారంటే, శాస్త్రానికి మన భాష చాలదనేవారు ఒక్క క్షణం ఆగి ఆలోచించాలి. 15వ శతాబ్దిలో శ్రీశైల ప్రాంతపు యల్లయ అనే పండితుడు అదే సిద్ధాంతానికి వ్యాఖ్య వ్రాశాడు.

పల్లెల్లో ఈ విద్యకు ప్రతినిధి పంచాంగ బ్రాహ్మణుడు. మా వైపు జోషి అనీ అంటారు. ఊరి వృత్తులవారందరికీ కల్లంలో బలుత కొలిచినట్లే ఆయనకూ కొలిచేవారు. అంటే కమ్మరి కర్రుకు, కుమ్మరి కుండకు, జోషి తిథికి. కాలం కూడా ఊరికి కావలసిన పనిముట్టే గదా!

లెక్కా, కన్నా?

ఈ శ్రేణిలో ఒక పెద్ద చీలిక ఉన్నది. చాలామంది దానిని ఇరువురు సిద్ధాంతుల పంతంగా భావిస్తారు గాని, అందులో లోతైన ప్రశ్న ఒకటి దాగున్నది. సూర్యసిద్ధాంతం వంటి గ్రంథాల్లోని ధ్రువాలతో చేసిన లెక్క కాలం గడిచినకొద్దీ ఆకాశానికి దూరమవుతుంది. గ్రంథంలో సంవత్సర పరిమాణం 365.258756 రోజులు. నక్షత్రాలను బట్టి నేడు కొలిచిన విలువ 365.256363 రోజులు. తేడా ఏడాదికి మూడున్నర నిమిషాలకు లోపే. వెయ్యేండ్లకు అది రెండు రోజులు దాటుతుంది. చంద్రగతిలో తేడా మరింత తేటగా కనపడుతుంది. పూర్వపద్ధతి ప్రకారం తిథి పెరిగితే అయిదు గడియలు, తరిగితే ఆరు గడియలు. అంటే 54 నుండి 65 గడియల లోపు. ఆకాశంలో చంద్రుణ్ణి చూసి కొలిస్తే తిథి దాదాపు 50 గడియలకు కుంచించుకుపోవచ్చు, 67 గడియల దాకా సాగనూవచ్చు. కన్ను చెప్పిన లెక్కను అనుసరించేవారు దృక్ పక్షం. పెద్దలు చెప్పిన లెక్కను అనుసరించేవారు పూర్వపక్షం.

దృక్ పక్షానికి దక్షిణాదిలో దారి చూపినవారిలో చింతామణి రఘునాథాచారి ముఖ్యుడు. పంచాంగకర్తల ఇంట పుట్టి, మద్రాసు వేధశాలలో ఉద్యోగిగా చేరి, ప్రధాన సహాయకుడుగా ఎదిగాడు. 1867లో రెటిక్యులమ్ రాశిలో కాంతి మారే ఒక నక్షత్రాన్ని కనుగొన్నాడు. తన పరిశీలనలను బట్టి దృగ్గణిత పంచాంగం ప్రకటించాడు. 1874లో శుక్రుడు సూర్యబింబం మీదుగా దాటే వేళకు జనానికి అర్థమయ్యేలా ఒక పుస్తకం వ్రాసి పలు భాషల్లో తెచ్చాడు. రాత్రి దూరదర్శినికీ పగలు పంచాంగానికీ మధ్య ఆయనకు విరోధం కనపడలేదు. పూర్వపక్షంవారితో వాదం మాత్రం తప్పలేదు. ఆయన 1880లో గతించాడు.

మన విశాఖపట్నంలో గోడే వెంకట జగ్గారావు 1840 ప్రాంతంలోనే సొంత ఖర్చుతో వేధశాల నెలకొల్పాడు. ఆయన అల్లుడు అంకితం వెంకట నరసింగరావు దానిని పెంచి, 1868 ఆగస్టు 18 నాటి సంపూర్ణ సూర్యగ్రహణాన్నీ, 1874 శుక్రగమనాన్నీ పరిశీలించాడు. ఆ 1868 గ్రహణాన్నే ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు జాన్సెన్ గుంటూరు నుండి వర్ణపటంలో చూశాడు. హీలియం కథకు మొదలు అక్కడే. ఆనాడు గుంటూరులో ఎందరు సిద్ధాంతులు తమ పంచాంగంలోని స్పర్శకాలాన్నీ ఆకాశంలోని స్పర్శకాలాన్నీ పోల్చుకున్నారో గాని, గ్రహణం మాత్రం పంచాంగానికి ఏటేటా ఎదురయ్యే పరీక్ష. తిథి తప్పినా ఎవరికీ కనపడదు. గ్రహణం తప్పితే ఊరంతా చూస్తుంది.

ఇందూరు సీమలో నాలుగు కాలాలు

ఇక మా సీమకు వద్దాము. నిజాం ఏలుబడిలో ఇందూరు రైతు ఏకకాలంలో నాలుగు కాలాల్లో బ్రతికాడు. పండుగకు, పెండ్లికి చాంద్రమానం. పంటకు కార్తెలు. సర్కారుకు ఫసలీ. రైలుకు రైలుకాలం. వీటికి తోడు మొహర్రం, రంజాన్లకు హిజ్రీ ఉండనే ఉన్నది. పీర్ల పండుగకు అలావా చుట్టూ ఆడని ఊరు మా వైపు అరుదు గదా!

ఫసలీ అన్నది మన శీర్షికకు మంచి ఉదాహరణ. హిజ్రీ సంవత్సరం 354 రోజులది. ఆ లెక్కన శిస్తు వసూలు చేస్తే సుమారు 32 పంటలకు 33 సార్లు పన్ను పడుతుంది. ఈ చిక్కు తీర్చడానికి అక్బరు కాలంలో హిజ్రీ అంకెను అలాగే ఉంచి, అక్కడినుండి ఏడాది పొడవును సూర్యునికి కట్టేశారు. 'ఫసల్' అంటే పంట. పంటల ఏడు గనుక ఫసలీ. దక్కనులో షాజహాన్ కాలంలో, 1636లో, హిజ్రీ 1046 ఆధారంగా దీనిని ప్రవేశపెట్టారు. ఆ ఎనభై ఏండ్లలో హిజ్రీ ముందుకు జరిగింది. అందువల్ల ఉత్తరాది ఫసలీకీ, దక్కను ఫసలీకీ రెండేండ్లకు పైగా తేడా. ఒకే పేరు, ఒకే పాదుషాల వంశం, అయినా రెండు కాలాలు!

హైదరాబాదు రాజ్యంలో ఫసలీకి పారశీక మాసాలు జోడించారు. ఆజూర్, దై, బహ్మన్, ఇస్ఫందార్, ఫర్వర్దీ, ఉర్దిబెహిష్త్, ఖుర్దాద్, తీర్, అమర్దాద్, షహ్రేవర్, మెహిర్, ఆబాన్. ఏడాది అక్టోబరు తొలివారంలో ఆజూరుతో మొదలయ్యేది. మా నాన్నగారి పుట్టుక కాగితంలో ఇస్ఫందార్ 1338 ఫసలీ అని ఉండేది. 1338కి 591 కలిపితే 1929. నెల జనవరి ప్రాంతం. ఆజూర్, దై మాసాలకైతే 590 కలపాలి. అదే 1338ని హిజ్రీ అనుకొని చదివితే 1919–20 అవుతుంది. అంటే మనిషి ఉన్నపళంగా తొమ్మిదేండ్లు పెద్దవాడవుతాడు! ఈ తేడా తెలియనివారి చేతిలో కాగితం పడితే ఉద్యోగం తొమ్మిదేండ్లు ముందే ముగియవచ్చు. రాజ్యం 1948 సెప్టెంబరులో ముగిసింది. అది 1357 ఫసలీ, ఆబాన్ మాసం, అంటే ఏడాదిలో చివరి నెల. ఫసలీ మాత్రం ముగియలేదు. జులై 1 నుండి జూన్ 30 వరకు సాగే ఫసలీ రెవెన్యూ కాగితాల్లో ఆ తర్వాతా నిలిచింది. 2020–21 పహాణీ మీద 1430 ఫసలీ అన్న అంకె చూసి ఇదేమిటని తికమకపడ్డ యువరైతులకు నేను చెప్పిన కథ ఇదే.

ఇక్కడ ఒక వింత గమనించండి. పాదుషాల దివాన్లు అంత శ్రమపడి సాధించిన సౌరకాలం మా రైతు దగ్గర ముందునుండీ ఉన్నది. అదే కార్తె. సూర్యుడు ఒక నక్షత్రంలో ఉన్న పదమూడు పద్నాలుగు రోజులు ఒక కార్తె. ఏడాదికి ఇరవైయేడు. మే చివరి వారం రోహిణి, జూన్ 7, 8 తేదీల్లో మిరుగం. మృగశిరను మా ఊళ్లో మిరుగమనే అంటారు. చాంద్రమాన మాసం అటూ ఇటూ జరిగినా, అధికమాసం వచ్చినా, కార్తె ఏటా ఇంచుమించు అదే తేదీకి వస్తుంది. పెండ్లికి చంద్రుణ్ణీ, విత్తుకు సూర్యుణ్ణీ నమ్మమని చెప్పిన ఆ పాత గణకులు సామాన్యులు కారు.

నాలుగవ కాలం రైలు తెచ్చింది. హైదరాబాదు నుండి మన్మాడు వరకు గోదావరి లోయ రైలుమార్గం 1901 నాటికి పూర్తయింది. ఆ దారిలోనే ఇందల్వాయి స్టేషను. అప్పటి రైళ్లు మద్రాసు కాలాన్ని అనుసరించేవి. 1906 జనవరి 1 నుండి భారత ప్రామాణిక కాలం అమలులోకి వచ్చింది. అది 82 డిగ్రీల 30 నిమిషాల తూర్పు రేఖాంశపు కాలం. ఇందల్వాయి దానికి నాలుగు డిగ్రీలకు పైగా పడమట ఉన్నది. డిగ్రీకి నాలుగు నిమిషాల చొప్పున లెక్కిస్తే, గోడగడియారం పన్నెండు కొట్టినప్పుడు మా ఊరి సొంతకాలం ఇంకా 11 గంటల 43 నిమిషాల దగ్గరే ఉంటుంది. ఆ 17 నిమిషాలు మా ఊరు దేశానికి ఇచ్చిన కానుక అనుకోవాలి.

తరువాత బోధనులో నిజాం షుగర్ ఫ్యాక్టరీ 1937లో ఏర్పడి అయిదవ కాలాన్ని కూడా తెచ్చింది. మిల్లు రోజును మూడు షిఫ్టులుగా కోసింది. చెరకు పక్వానికి వచ్చిందా లేదా అన్నది ఒకటైతే, దానిని ఎప్పుడు కొట్టాలన్నది మిల్లు ఇచ్చే చీటీలో ఉండేది. 2015 డిసెంబరులో ఆ మిల్లు మూతపడ్డప్పుడు పని పోయినవారి బాధ అందరమూ చెప్పుకున్నాము. దానితోపాటు ఒక కాలమానమే ఆగిపోయిందని నాకనిపించింది. గానుగ కాలమని, గానుగ తర్వాతి పెండ్లిళ్లని మాట్లాడుకున్న ఊళ్లలో ఆ మాటలకు అర్థం చెప్పవలసిన అవసరం వచ్చింది.

హైదరాబాదు నగరంలో 1889లో చార్మినారుకు గడియారాలు అమర్చారు. నవాబ్ జఫర్ జంగ్ ఫిసల్‌బండలో 1901లో నెలకొల్పిన నిజామియా వేధశాలను 1908లో సర్కారు స్వీకరించింది. అది బేగంపేటకు తరలి, 1919లో ఉస్మానియా విశ్వవిద్యాలయంలో చేరింది. ఆకాశాన్నంతా పటాలుగా పంచుకొని నక్షత్రాల స్థానాలు కొలిచిన అంతర్జాతీయ ప్రయత్నంలో హైదరాబాదు పాలుపంచుకొని, ఏడు లక్షలకు పైగా నక్షత్రాలను కొలిచింది. ఆ కొలతలకూ మా జోషి రాగిగిన్నెకూ చుట్టరికం ఉన్నదని నా నమ్మకం. రెండింటి పనీ ఒక్కటే, ఆకాశాన్ని కాగితం మీదకు దించడం.

బడిలో చేసిన కాలనిర్ణయం

ఈ శ్రేణిలో మా ఉపాధ్యాయులకూ చిన్న పీట ఉన్నది. 1980లలో బడిలో చేర్పించడానికి వచ్చిన తల్లిని బిడ్డ పుట్టినతేదీ అడిగితే, "బతుకమ్మ ఇంక నాలుగొద్దులున్నదనంగ పుట్టిండు సారూ, ఆ ఏడు చెరువు తెగింది" అని చెప్పేది. ఆమె మాటలో ఏ లోపమూ లేదు. ఆమె తిథి చెప్పింది, సంవత్సరానికి గుర్తు చెప్పింది. లోపం రిజిస్టరులోని గడిది. ఆ గడిలో అంకెలు తప్ప చెరువు పట్టదు. ఊరూరా బడి రిజిస్టర్లలో జూన్, జులై నెలల తేదీలు అన్నన్ని ఉండడానికి కారణం ఇదే. బడి తెరిచే నాటికి అయిదేండ్లు నిండేట్లు ఒక తేదీ కూర్చడం అందరికీ సులువు.

నేను మాత్రం ఇంట్లో ఉన్న పాత పంచాంగాల కట్టను బడికి తెచ్చి పెట్టుకునేవాణ్ణి. చెరువు తెగిన ఏడు ఏదో ఊరి పెద్దలనడిగి, బతుకమ్మ తిథికి నాలుగు రోజులు వెనక్కు లెక్కించి, వచ్చిన తేదీ వ్రాసేవాణ్ణి. దానికి పావుగంట పట్టేది. ఆ పావుగంటలో ఒక మనిషి అరవై ఏండ్ల తర్వాతి పింఛను తేదీ నిర్ణయమయ్యేది. కాలాన్ని మలచడమంటే ఏమిటో నాకు ఆ కట్ట విప్పినప్పుడే తెలిసింది. దానికి శాస్త్రమెంత కావాలో ఎదుటి మనిషి మాట మీద గౌరవమూ అంత కావాలి.

1955 నివేదిక

స్వాతంత్ర్యం వచ్చిన తర్వాత ఈ చెల్లాచెదురు కాలాన్ని ఒక్కటి చేయాలని 1952 నవంబరులో మేఘనాథ్ సాహా అధ్యక్షతన ఒక సంఘాన్ని నియమించారు. దేశంలో అప్పటికి దాదాపు ముప్పయి రకాల పంచాంగాలు వాడుకలో ఉన్నాయి. 1955లో సంఘం నివేదిక ఇచ్చింది. దాని ప్రకారం 1957 మార్చి 22 నుండి, శకం 1879 చైత్రం 1వ తేదీగా, జాతీయ పంచాంగం అమలులోకి వచ్చింది. రాష్ట్రీయ పంచాంగం తెలుగుతో సహా పలు భాషల్లో వెలువడుతూ వచ్చింది.

సాహా బాధ ఒక్కటే. మన మకర సంక్రాంతి అసలు ఉత్తరాయణానికి దూరమయింది. సూర్యుడు ఉత్తరానికి మళ్లేది డిసెంబరు 21, 22 తేదీల్లో. మనం పండుగ చేసేది జనవరి 14, 15 తేదీల్లో. నక్షత్రాలను బట్టి లెక్కించే సంవత్సరం ఋతువులను బట్టి లెక్కించే సంవత్సరం కంటే 20 నిమిషాలు పెద్దది కావడమే దీనికి కారణం. ఆ 20 నిమిషాలు 71 ఏండ్లకు ఒక రోజవుతాయి. వివేకానందుడు పుట్టిన 1863లో మకర సంక్రాంతి జనవరి 12న వచ్చింది. ఈనాడు 14, 15 తేదీలకు జరిగింది. కార్తెల సంగతీ ఇంతే. పదిహేను వందల ఏండ్ల కిందట మిరుగం ఋతువు లెక్కలో ఇప్పటికన్న మూడు వారాలు ముందు వచ్చేది. ఒక మనిషి ఆయుర్దాయానికి ఒక్క రోజే గనుక ఎవరికీ తెలియదు. వాన మాత్రం నక్షత్రాన్ని చూసి కురవదు, ఋతువును చూసి కురుస్తుంది.

ఇటువంటి సవరణ ఐరోపాలో ఎట్లా జరిగిందో తెలిసినదే. 1582లో పోపు గ్రెగరీ పది రోజులు తీసివేయించాడు. అక్టోబరు 4 మరునాడు 15 అయింది. ఇంగ్లండు 1752 దాకా ఒప్పుకోక, ఒప్పుకునే నాటికి పదకొండు రోజులు వదులుకుంది. మన దగ్గర సాహా మాట ఆకాశవాణిలో, గెజెట్లలో నిలిచింది గాని ఇంటి గోడకెక్కలేదు. ఆజ్ఞతో కాలం మారదనీ, ఊరి జోషి ఒప్పుకున్న తరువాతనే మారుతుందనీ దీనివల్ల తేలుతున్నది.

ఈనాటి చిక్కు

ఇప్పుడు గణితం కంప్యూటరు చేస్తున్నది. గ్రహణ కాలం సెకన్లతో సహా ఎవరికైనా దొరుకుతుంది. మరి పండుగ రెండు రోజులు ఎందుకు వస్తున్నది? 2023లో దసరా అక్టోబరు 23నా, 24నా అని తెలంగాణ అంతటా చర్చ జరిగింది గదా! కారణం లెక్క రాకపోవడం కాదు. నియమం ఒకటి కాకపోవడం. దశమి ఏ వేళకు ఉండాలి, శ్రవణం కలవాలా వద్దా అన్నది ధర్మశాస్త్ర నిర్ణయం. శ్రీరామనవమికి మధ్యాహ్నం నవమి ఉండాలి, దీపావళికి ప్రదోషంలో అమావాస్య ఉండాలి. మా ఊరి రామాలయంలో కల్యాణం వేళ కూడా ఈ నియమం మీదనే నిలిచి ఉన్నది. యంత్రం తిథి చెబుతుంది. ఆ తిథిని ఏ రోజుకు కట్టాలో చెప్పడం మనిషి పని.

రెండవ కారణం చోటు. విజయవాడకూ నిజామాబాదుకూ సొంతకాలంలో సుమారు పది నిమిషాల తేడా. విజయవాడలో సూర్యోదయమయ్యాక అయిదు నిమిషాలకు ఒక తిథి ముగిసిందనుకోండి. మా దగ్గర అప్పటికి ఇంకా సూర్యుడు పొడవడు. అక్కడ ఆ రోజు ఏకాదశి అయితే ఇక్కడ ద్వాదశి. పది నిమిషాలు ఒక రోజును మార్చేశాయన్నమాట. ఒకచోట ముద్రించిన పంచాంగాన్ని తెలుగువారున్న ప్రతిచోటా వాడడంలో ఇబ్బంది ఇదే. అమెరికాలో ఉన్న మన పిల్లలకు తిథి ఒక పూర్తి రోజు మారిపోతుంటే వారు ఆశ్చర్యపోతారు. చంద్రుడు ఒక్కడే, సూర్యోదయాలు మాత్రం ఊరికొకటి.

నాకు దిగులు కలిగించేది పండుగ రెండు రోజులు రావడం కాదు. ఎందుకు వచ్చిందో చెప్పగలిగినవారు ఊళ్లో లేకపోవడం. పూర్వం జోషికి తెలిసినది కొద్దిగానైనా, అడిగితే వేళ్ల కణుపుల మీద లెక్కించి చూపేవాడు. ఈనాడు ఫోను చూపిస్తుంది, కారణం చెప్పదు. మనం లెక్కను యంత్రానికి అప్పగించడంలో తప్పేమీ లేదు. రఘునాథాచారి ఉండి ఉంటే అందరికన్న ముందు ఆయనే అప్పగించేవాడు. కాని ప్రశ్నను కూడా అప్పగిస్తే మనకు మిగిలేది కాగితమే. ఈ విద్య వెయ్యేండ్లు బ్రతికినది పూర్వులు చెప్పినది మార్చకపోవడం వల్ల కాదు. ఆకాశంతో పోల్చి, తేడా వస్తే బీజసంస్కారం చేసి, సరిదిద్దుకుంటూ రావడం వల్ల. పూర్వులను గౌరవించడమంటే వారి అంకెను పట్టుకోవడమా, వారి అలవాటును పట్టుకోవడమా? నేను అలవాటు వైపు.

నేను శార్వరిలో పుట్టాను. అది 1960–61. అరవై ఏండ్లు తిరిగి 2020లో మళ్లీ శార్వరి వచ్చింది. లోకమంతా కరోనా భయంతో తలుపులు మూసుకొని ఉండగా, పంచాంగ శ్రవణానికి ఎవరూ రాని ఆ ఉగాది నాడు పాత కట్ట విప్పి, 1960 నాటి శార్వరి పంచాంగాన్నీ కొత్తదాన్నీ పక్కపక్కన పెట్టి చదివాను. పేరు ఒక్కటే. లెక్క చేసినవారు వేరు, పద్ధతి వేరు, ముద్రణ వేరు. పాతదాని అంచుల్లో మా నాన్నగారు పెన్సిలుతో గుర్తులు పెట్టారు. ఎప్పుడు వాన పడింది, ఎప్పుడు విత్తనం వేశారు, ఏ కార్తె మాట నిలబెట్టుకుంది, ఏది తప్పింది. సిద్ధాంతిగారి లెక్కకు ఒక రైతు చేసిన పరీక్ష అది.

కనుక మిత్రులకు నా విన్నపం ఒక్కటే. మీ ఇండ్లలో అటకల మీద పాత పంచాంగాలు ఉంటే తుక్కుకింద వేయకండి. అంచులు చూడండి. ఎవరైనా ఏదైనా వ్రాసి ఉంటే ఆ పుటను ఫోటో తీసి, ఊరి పేరూ ఏడూ వ్రాసి దాచండి. ఏ వాన ఎప్పుడు వచ్చిందో, ఏ బిడ్డ ఎప్పుడు పుట్టిందో చెప్పే చరిత్ర అక్కడ తప్ప ఇంకెక్కడా లేదు. మీరు కూడా ఈ ఏటి పంచాంగం అంచున మీ ఊరి వాన సంగతి ఒక ముక్క వ్రాయండి. ఆ శ్రేణిలో చేరడానికి అంతకన్న దీక్ష అవసరం లేదు.

స్వస్తి.